హైదరాబాద్–వర్జీనియా లైనులో 1 గిగాబిట్ ఉన్నా 30 మెగాబిట్లే వస్తున్నాయి: ఏ రద్దీ నియంత్రణ అల్గారిథం పెట్టాలి?

మీరు రాసినదాన్ని బట్టి నాకు అర్థమైన పరిస్థితి ఇది. ఉత్తర వర్జీనియాలో ఉన్న మీ సంస్థ సర్వర్ నుంచి హైదరాబాద్ కార్యాలయంలోని సర్వర్‌కు రోజూ రాత్రి సుమారు 200 గిగాబైట్ల డేటా ఎస్ఎస్‌హెచ్ (గుప్తీకరించిన కనెక్షన్) మీద ఆర్‌సింక్ (ఫైళ్లు కాపీ చేసే ప్రోగ్రామ్) ద్వారా వస్తుంది. లైను సెకనుకు 1 గిగాబిట్‌ది, పింగ్ (ప్యాకెట్ వెళ్లి రావడానికి పట్టే రానుపోను సమయం) 230 మిల్లీసెకన్లు. బదిలీ వేగం మాత్రం 25 నుంచి 35 మెగాబిట్ల మధ్య ఎగుడుదిగుడుగా నడుస్తోంది. రాత్రి 10 గంటలకు మొదలైన పని మర్నాడు మధ్యాహ్నం దాటితే గానీ పూర్తి కావడం లేదు. యూడీపీతో (రసీదుల కోసం ఆగకుండా పంపే పద్ధతి) ఐపెర్ఫ్ అనే సాధనంతో వేగం పరీక్ష చేస్తే 900 మెగాబిట్లు వచ్చాయి. అందులో కనిపించిన 0.005 శాతం నష్టాన్ని లెక్కలోకి తీసుకోనక్కరలేదని మీరు వదిలేశారు. హైదరాబాద్ సర్వర్‌లో క్యూబిక్ అనే రద్దీ నియంత్రణ అల్గారిథం తీసి బీబీఆర్ అనే మరొకటి పెట్టినా ఏ మార్పూ కనిపించలేదు. కాబట్టి హైస్పీడ్ టీసీపీ, హెచ్-టీసీపీ వంటివాటిలో ఏది పెట్టాలని అడుగుతున్నారు.

సూటిగా చెప్పాలంటే సమాధానం ఇది. రద్దీ నియంత్రణ అల్గారిథం, అంటే ఎంత వేగంగా పంపాలో నిర్ణయించే పద్ధతి, పనిచేసేది డేటాను పంపే వైపు మాత్రమే. మీ డేటా వర్జీనియా నుంచి వస్తోంది కనుక హైదరాబాద్‌లో మార్చిన బీబీఆర్‌కు ఈ బదిలీలో రసీదులు పంపడం తప్ప మరో పని లేదు. మార్చదలిస్తే వర్జీనియా సర్వర్‌లో మార్చాలి. అయితే అది మొదటి పని కాదు. మీరు వదిలేసిన ఆ 0.005 శాతమే మీ సమస్య. దాన్ని వెతికి పట్టుకోవాలి. ఆ తర్వాత రెండు వైపులా బఫర్లు (డేటాను తాత్కాలికంగా ఉంచే మెమరీ) పెంచాలి. ఎస్ఎస్‌హెచ్‌కు సొంతంగా ఉన్న పరిమితిని దాటాలి. ఇవన్నీ అయ్యాక అల్గారిథం గురించి ఆలోచిస్తే, చాలా సందర్భాల్లో క్యూబిక్ సరిపోతుంది. నష్టం మీ చేతిలో లేని చోట బీబీఆర్ అవసరమవుతుంది. హైస్పీడ్ టీసీపీ, హెచ్-టీసీపీలు తమ కాలంలో మంచి పరిష్కారాలే గానీ, ఈ రోజు కొత్తగా పెట్టవలసిన అవసరం నాకు కనిపించడం లేదు.

ఇప్పుడు కారణాలు చెబుతాను. 18 ఏళ్లుగా ఇటువంటి దూరపు లైన్లతోనే నా పని గనుక కొంచెం వివరంగానే రాస్తాను.

మీ 30 మెగాబిట్లు ఎక్కడి నుంచి వచ్చాయి

టీసీపీలో, అంటే అందిన డేటాకు రసీదు తీసుకుంటూ పంపే పద్ధతిలో, పంపేవాడు రసీదు అందకుండా ఒకేసారి దారిలో ఉంచగలిగిన డేటా మొత్తాన్ని విండో అంటాము. లైను నిండాలంటే ఆ విండో, లైను వేగాన్ని రానుపోను సమయంతో గుణిస్తే వచ్చేంత ఉండాలి. మీ విషయంలో 1 గిగాబిట్‌ను 0.23 సెకన్లతో గుణిస్తే 23 కోట్ల బిట్లు, అంటే సుమారు 28.75 మెగాబైట్లు. 1500 బైట్ల ప్యాకెట్ల లెక్కన 19 వేలకు పైగా ప్యాకెట్లు ఎప్పుడూ సముద్రం అడుగున ప్రయాణంలో ఉండాలన్నమాట. హైదరాబాద్ నుంచి వర్జీనియాకు గగనమార్గంలోనే సుమారు 13 వేల కిలోమీటర్లు. ఫైబర్‌లో కాంతి వెయ్యి కిలోమీటర్లు వెళ్లి రావడానికి దాదాపు 10 మిల్లీసెకన్లు పడుతుంది కనుక, కేబుల్ సూటిగా వెళ్లినా 130 మిల్లీసెకన్ల కంటే తగ్గదు. కేబుళ్ల చుట్టుతిరుగుడు వల్ల అది 230 అయింది. ఈ సమయాన్ని ఏ అల్గారిథమూ తగ్గించలేదు; దాన్ని తట్టుకోవడం ఒక్కటే వాటి చేతిలో ఉంది.

ఇప్పుడు నష్టం సంగతి. 0.005 శాతం అంటే ప్రతి 20 వేల ప్యాకెట్లకు ఒకటి పోతోంది. ప్యాకెట్ పోయిన ప్రతిసారీ పాత రీనో పద్ధతి విండోను సగానికి కోసి, ఆ తర్వాత ఒక్కో రానుపోను సమయానికి ఒక్కో ప్యాకెట్ చొప్పున పెంచుకుంటూ వస్తుంది. 1997లో మాథిస్, ఆయన సహచరులు ఇచ్చిన సూత్రం ప్రకారం ఈ పద్ధతిలో సగటు వేగం, రానుపోను సమయానికీ నష్టం రేటు వర్గమూలానికీ విలోమంగా ఉంటుంది. మీ అంకెలు అందులో వేస్తే రీనోకు వచ్చేది 9 మెగాబిట్లకు కొంచెం తక్కువ. క్యూబిక్‌కు వేరే సూత్రం ఉంది. మీ అంకెలతో దాని సగటు విండో 590 ప్యాకెట్ల దగ్గర, వేగం 30 మెగాబిట్ల దగ్గర తేలుతుంది. మీకు వస్తున్నది సరిగ్గా అదే. అంటే మీ వర్జీనియా సర్వర్ క్యూబిక్‌తో నడుస్తోందనీ, అది ఏ లోపమూ లేకుండా తన పని తాను చేస్తోందనీ నేను ఇక్కడి నుంచే ధైర్యంగా చెప్పగలను.

ఇదే నష్టం మీ కార్యాలయంలోని 1 మిల్లీసెకను లోకల్ నెట్‌వర్క్‌లో ఉండి ఉంటే, పాత రీనో కూడా 2 గిగాబిట్ల వరకు పంపగలిగేది. లోపం ఉందన్న అనుమానం కూడా ఎవరికీ వచ్చేది కాదు. దగ్గరి దారిలో కనిపించని తప్పును దూరపు దారి 230 రెట్లు పెంచి చూపిస్తుంది. అందుకే "మా లోకల్ పరీక్షల్లో అంతా బాగానే ఉంది" అని సర్వీస్ ప్రొవైడర్ చెప్పినప్పుడు అతను అబద్ధం చెబుతున్నాడని అనుకోనక్కరలేదు. అతని పరీక్షకు ఆ తప్పు దొరకదు, అంతే. అమెరికా పరిశోధనా నెట్‌వర్క్ ఈఎస్‌నెట్ వారు ఇటువంటి ఉదంతాన్నే ప్రచురించారు. ఒక రూటర్‌లోని లైన్ కార్డ్ పాడై 22 వేల ప్యాకెట్లకు ఒకటి చొప్పున పోతుంటే దూరపు బదిలీలన్నీ కుప్పకూలాయి. దగ్గరి బదిలీల్లో మాత్రం పెద్దగా తేడా తెలియలేదు.

ఈ అల్గారిథంలు ఎందుకు పుట్టాయి

1986 అక్టోబరులో లారెన్స్ బర్క్‌లీ లాబొరేటరీకీ కాలిఫోర్నియా విశ్వవిద్యాలయం బర్క్‌లీ ప్రాంగణానికీ మధ్య, 400 గజాల దూరంలో, సెకనుకు 32 వేల బిట్లు నడవవలసిన లైను 40 బిట్లకు పడిపోయింది. పోయిన ప్యాకెట్లను అందరూ మళ్లీ మళ్లీ పంపుతూ ఉండడం వల్ల దారి మొత్తం పునఃప్రసారాలతోనే నిండిపోయింది. దాన్ని శోధించిన వాన్ జాకబ్సన్ 1988లో ప్రతిపాదించినదే నేటికీ వాడుకలో ఉన్న పునాది: నష్టం కనిపిస్తే రద్దీ ఉందని భావించి తగ్గాలి, కనిపించనంత కాలం మెల్లగా పెరగాలి. ఆనాటి వేగాలకు అది చక్కగా సరిపోయింది.

వేగం, దూరం రెండూ పెరిగినప్పుడు మాత్రం ఆ "మెల్లగా" అన్నది భరించలేనంత మెల్లగా మారింది. మీ లైనులో 19 వేల ప్యాకెట్ల విండో సగానికి పడితే, రీనో దాన్ని తిరిగి నింపడానికి 9,500కు పైగా రానుపోనులు కావాలి. అంటే సుమారు 37 నిమిషాలు. ఆ 37 నిమిషాల్లో మరొక్క ప్యాకెట్ కూడా పోకూడదు. 2003 చివర్లో పరిశోధకురాలు శాలీ ఫ్లాయిడ్ రాసిన ఆర్ఎఫ్‌సీ 3649 అనే ఇంటర్నెట్ సాంకేతిక పత్రంలో ఇంతకంటే దిగ్భ్రాంతి కలిగించే లెక్క ఉంది. 10 గిగాబిట్ల లైను, 100 మిల్లీసెకన్ల రానుపోను సమయం అయితే, సాధారణ టీసీపీ ఆ లైనును నిండుగా వాడాలంటే ప్రతి 500 కోట్ల ప్యాకెట్లకు ఒక్కసారికి మించి నష్టం రాకూడదు. అంతటి శుభ్రత నిజమైన ఫైబర్ నుంచి ఆశించడమే తప్పు. ఆమె ప్రతిపాదించిన హైస్పీడ్ టీసీపీ, టామ్ కెల్లీ స్కేలబుల్ టీసీపీ, హామిల్టన్ ఇన్‌స్టిట్యూట్ వారి హెచ్-టీసీపీ, నార్త్ కరోలినా స్టేట్ విశ్వవిద్యాలయంలో పుట్టిన బిక్ (దాని మెరుగైన రూపమే క్యూబిక్), కాల్టెక్‌లో స్టీవెన్ లో బృందం చేసిన ఫాస్ట్ టీసీపీ, ఇవన్నీ దాదాపు ఆ రెండు మూడేళ్లలోనే వచ్చాయి.

వీటిలో క్యూబిక్ ఎందుకు నిలబడిందన్నది తెలుసుకుంటే మీ ప్రశ్నకు సగం జవాబు దొరుకుతుంది. హైస్పీడ్ టీసీపీ, స్కేలబుల్ టీసీపీ వంటివి రసీదులు వచ్చే వేగాన్ని బట్టే పెరుగుతాయి కనుక, దగ్గరి కనెక్షన్ దూరపు కనెక్షన్‌ను పూర్తిగా పక్కకు నెట్టేస్తుంది. ఒకే లైనులో 20 మిల్లీసెకన్ల బదిలీ, 230 మిల్లీసెకన్ల బదిలీ కలిసి నడిస్తే రెండోది ఎండిపోతుంది. క్యూబిక్ పెరుగుదల, చివరిసారి నష్టం జరిగి ఎంత సేపయిందన్న గడియారపు లెక్క మీద ఆధారపడుతుంది, రానుపోను సమయం మీద కాదు. నష్టం వచ్చినప్పుడు విండోను సగానికి కాకుండా 0.7 వంతుకు తగ్గిస్తుంది; అక్కడి నుంచి మొదట వేగంగా ఎక్కి, పాత గరిష్ఠం దగ్గరికి రాగానే నెమ్మదించి, కొంతసేపు అక్కడే నిలకడగా ఉండి, ఆ తర్వాత మళ్లీ పైకి వెతుకుతుంది. మీ లైనులో రీనోకు 37 నిమిషాలు పట్టే కోలుకోవడం క్యూబిక్‌కు సుమారు 24 సెకన్లు. 2006లో వచ్చిన 2.6.19 వెర్షన్ నుంచి లినక్స్‌లో, తర్వాతి కాలంలో మ్యాక్, విండోస్‌లలో కూడా అదే స్థిరపడింది.

అయితే క్యూబిక్ కూడా నష్టాన్నే నమ్ముతుంది. మీ లైను 1 గిగాబిట్‌కు నిండాలంటే క్యూబిక్‌కు సుమారు 20 లక్షల ప్యాకెట్లకు ఒకటి మించి పోకూడదు. మీకు ఇప్పుడు 20 వేలకు ఒకటి పోతోంది. తేడా వంద రెట్లు. అల్గారిథం మార్చకుండానే ఆ వంద రెట్లను సాధించడం తరచూ సాధ్యమేనని నా అనుభవం.

నష్టం ఎక్కడ ఉందో కనిపెట్టడం

మీ యూడీపీ పరీక్ష ఏ దిశలో చేశారో మీరు రాయలేదు. ఐపెర్ఫ్ మామూలుగా క్లయింట్ నుంచి సర్వర్‌కు పంపుతుంది. హైదరాబాద్‌లో క్లయింట్ నడిపి ఉంటే మీరు కొలిచింది ఎదురు దారిని. రివర్స్ ఐచ్ఛికం పెట్టి, వర్జీనియా నుంచి హైదరాబాద్ దిశలో మళ్లీ చేయండి. అదీ ఒకే వేగంతో కాకుండా 100, 300, 600, 900 మెగాబిట్ల దగ్గర, ఒక్కోటి పది నిమిషాల చొప్పున చేయండి. 100 దగ్గర సెకనుకు వెళ్లేవి 8 వేల పైచిలుకు ప్యాకెట్లే కాబట్టి, నిమిషం పరీక్షతో ఇంత చిన్న నష్టం రేటు కచ్చితంగా తేలదు.

నష్టం శాతం అన్ని వేగాల దగ్గరా ఒకేలా ఉంటే అది రద్దీ కాదు. ఎక్కడో ఫైబర్ చివర మురికి ఉంది, లేదా ఆప్టికల్ మాడ్యూల్ బలహీనపడింది, లేదా లైన్ కార్డ్ పాడైంది. 600 వరకు సున్నాగా ఉండి 900 దగ్గర హఠాత్తుగా కనిపిస్తే అది వేగ పరిమితి విధించే చోట జరుగుతోంది. ఈ రెండో రకంలో సర్వీస్ ప్రొవైడర్ మీ 1 గిగాబిట్‌ను ఎలా అమలు చేస్తున్నాడన్నది అడిగి తెలుసుకోవాలి. ఎక్కువ వచ్చిన ప్యాకెట్లను కొంతసేపు క్యూలో నిలబెట్టి వదిలితే షేపింగ్ అంటాము. నిలబెట్టకుండా అక్కడికక్కడే పారేస్తే పోలీసింగ్ అంటాము. దూరపు టీసీపీకి పోలీసింగ్ ప్రాణాంతకం, ఎందుకంటే 10 గిగాబిట్ల కార్డు ఉన్న సర్వర్ ప్యాకెట్లను గుంపులు గుంపులుగా వదులుతుంది. సగటు వేగం 200 మెగాబిట్లే ఉన్నా, గుంపు వచ్చిన ఆ కొన్ని మిల్లీసెకన్లలో అది 10 గిగాబిట్ల వేగంతోనే వస్తుంది కనుక పోలీసర్ దాని తోక కోసేస్తుంది. ఐపెర్ఫ్ యూడీపీ ప్యాకెట్లను సమాన వ్యవధిలో వదులుతుంది కాబట్టి ఈ రకం నష్టం ఆ పరీక్షలో చాలావరకు దాగిపోతుంది.

మీ టీసీపీ వేగం, యూడీపీ నష్టం నుంచి లెక్కగట్టిన వేగం రెండూ 30 దగ్గరే కలవడాన్ని చూస్తే, నా అనుమానం మొదటి రకం మీదే ఎక్కువ. గుంపుల వల్ల పోతూ ఉంటే టీసీపీ, లెక్క చెప్పినదాని కంటే బాగా కిందికి ఉండేది. ఇది అనుమానమే గానీ నిర్ధారణ కాదు. నాలుగు వేగాల పరీక్ష దాన్ని తేలుస్తుంది.

నా అనుభవంలో ఒక సందర్భం ఇక్కడ చెప్పాలి. నాలుగేళ్ల కిందట నేను చూసుకుంటున్న ఒక లైనులో ఇలాగే 40 మెగాబిట్లు దాటకపోతే, పంపే వైపు బీబీఆర్ పెట్టాము. అదే రోజు వేగం 850 దాటింది. అందరం సంతోషించి ఆ ఫైలు మూసేశాము. ఆరు నెలల తర్వాత అదే లైను మీద పనిచేసే వేరే విభాగం వారు, తమ విండోస్ కంప్యూటర్ల నుంచి ఫైళ్లు అసలు కదలడం లేదని ఫిర్యాదు చేశారు. అప్పుడు స్విచ్ పోర్టు కౌంటర్లు తీసి చూస్తే సీఆర్‌సీ తప్పులు (దారిలో చెడిపోయి వచ్చిన ప్యాకెట్ల లెక్క) గంటకు కొన్ని వందల చొప్పున పెరుగుతున్నాయి, ట్రాఫిక్ లేని వేళల్లో మాత్రం కదలకుండా ఉన్నాయి. ప్యాచ్ కార్డ్ ఊడదీసి ఫైబర్ మైక్రోస్కోపు కింద పెడితే, కనెక్టర్ కొస మీద, కాంతి వచ్చే ఆ చిన్న చుక్కకు పక్కనే, జిడ్డు మరక చంద్రవంకలా కనిపించింది. ఎవరో బిగించేటప్పుడు వేలు తగిలింది. క్లీనర్ పెన్నుతో రెండుసార్లు తుడిచి మళ్లీ పెట్టాము, కౌంటర్ ఆగిపోయింది. ఆ రోజు బీబీఆర్ పెట్టకుండా ఇంకో వారం వెతికి ఉంటే, ఆ ఆరు నెలలు ఆ విభాగం వారు పడిన ఇబ్బంది ఉండేది కాదు. బీబీఆర్ లక్షణాన్ని తగ్గిస్తుంది, లోపాన్ని మాత్రం అలాగే ఉంచుతుంది. అందుకే వెతకడం ముందు, మార్చడం తర్వాత అని నేను ఇంత గట్టిగా అంటున్నాను.

నష్టం పోయాక ఎదురయ్యే రెండు గోడలు

ఇది ముందే చెప్పకపోతే మీరు తప్పకుండా నిరాశపడతారు. నష్టం పూర్తిగా పోయినా మీ వేగం 900కు చేరదు. 70 దగ్గర ఒకసారి, అది దాటితే 100 పైన మరోసారి ఆగుతుంది.

మొదటి గోడ ఎస్ఎస్‌హెచ్‌ది. ఓపెన్ఎస్ఎస్‌హెచ్ ఒక్కో చానెల్‌కు టీసీపీ విండోతో సంబంధం లేకుండా తన సొంత విండోను పెట్టుకుంటుంది. అది సుమారు 2 మెగాబైట్లు. 2 మెగాబైట్లను 0.23 సెకన్లతో భాగిస్తే 73 మెగాబిట్లు. దీన్ని ఏ రద్దీ నియంత్రణ అల్గారిథమూ దాటలేదు. దారులు రెండు. పిట్స్‌బర్గ్ సూపర్‌కంప్యూటింగ్ సెంటర్ వారి హెచ్‌పీఎన్-ఎస్ఎస్‌హెచ్ రెండు వైపులా వాడవచ్చు. లేదా ఫోల్డర్లను విడదీసి 8 నుంచి 12 ఆర్‌సింక్‌లను ఒకేసారి నడపవచ్చు. వీపీఎన్ సొరంగం ఇప్పటికే ఉండి, మీ భద్రతా విభాగం ఒప్పుకుంటే, ఎస్ఎస్‌హెచ్ లేకుండా ఆర్‌సింక్ డీమన్‌తో నేరుగా పంపడం అన్నిటికంటే తేలిక.

రెండో గోడ కెర్నెల్ (ఆపరేటింగ్ సిస్టం కేంద్రభాగం) బఫర్లది. లినక్స్‌లో టీసీపీ అందుకునే బఫర్ గరిష్ఠం మామూలుగా 6 మెగాబైట్లు ఉంటుంది. అందులో సుమారు సగమే విండోగా ప్రకటించబడుతుంది కనుక మీ దూరానికి 110 మెగాబిట్ల దగ్గర ఆగిపోతుంది. పంపే బఫర్ గరిష్ఠం 4 మెగాబైట్లే. హైదరాబాద్‌లో టీసీపీ ఆర్‌మెమ్ (అందుకునే బఫర్ సెట్టింగు) మూడో అంకెను, వర్జీనియాలో టీసీపీ డబ్ల్యుమెమ్ (పంపే బఫర్ సెట్టింగు) మూడో అంకెను 64 మెగాబైట్లకు పెంచండి. మొదటి రెండు అంకెలను ముట్టుకోవద్దు. వాటిని పెంచితే ప్రతి చిన్న కనెక్షనూ అనవసరంగా మెమరీ పట్టుకుంటుంది. అప్లికేషన్ తనంతట తాను సాకెట్ బఫర్ పరిమాణం నిర్ణయిస్తే కెర్నెల్ స్వయంగా సర్దుకోవడం మానేస్తుందన్నది కూడా గుర్తుంచుకోండి. కొన్ని బ్యాకప్ సాఫ్ట్‌వేర్ల సెట్టింగుల్లో ఎప్పుడో రాసిన 256 కిలోబైట్లు నేటికీ అలాగే ఉండడం నేను చూశాను.

బఫర్ల గోడ ఎంత సాధారణమో గూగుల్ అనుభవమే చెబుతుంది. తమ డేటా సెంటర్లను కలిపే బీ4 నెట్‌వర్క్‌లో బీబీఆర్ పెట్టినప్పుడు, దానిలో నాలుగింట మూడు వంతుల కనెక్షన్లు 8 మెగాబైట్ల అందుకునే బఫర్ దగ్గరే ఆగిపోయాయని వారు 2016లో రాశారు. అమెరికా–యూరప్ దారిలో ఒకదానికి ఆ బఫర్‌ను పెంచగానే బీబీఆర్ 2 గిగాబిట్లకు చేరింది. అదే దారిలో క్యూబిక్ 15 మెగాబిట్ల దగ్గరే ఉండిపోయింది.

గోడ ఏదో గుర్తుపట్టడానికి వేగం గీత ఆకారం చూస్తే చాలు. గీత తిన్నగా, ఒకే ఎత్తులో పోతే విండో పరిమితి. రంపపు పళ్లలా ఎక్కుతూ పడుతూ ఉంటే నష్టం. మీది ఇప్పుడు రంపం. సందేహం తీరాలంటే బదిలీ జరుగుతున్నప్పుడు వర్జీనియా సర్వర్‌లో ఎస్ఎస్ కమాండ్‌ను టీసీపీ అంతర్గత వివరాల ఐచ్ఛికంతో నడపండి. వాడుకలో ఉన్న అల్గారిథం పేరు, కంజెషన్ విండో, పునఃప్రసారాల సంఖ్య, వాటితోపాటు ఎంత శాతం సమయం అందుకునే విండో వల్ల, ఎంత శాతం పంపే బఫర్ వల్ల ఆగవలసి వచ్చిందో అన్నీ ఒకే వరుసలో చూపిస్తుంది. ఆ రెండు శాతాలు సున్నాకు దగ్గరగా ఉండి, పునఃప్రసారాలు పెరుగుతూ ఉన్నప్పుడే అల్గారిథం గురించి మాట్లాడడానికి అర్థం ఉంటుంది. ఎస్ఎస్‌హెచ్ గోడ మాత్రం ఇందులో నేరుగా కనిపించదు. గీత తిన్నగా ఉండి, ఈ శాతాలు రెండూ సున్నాగా, పునఃప్రసారాలు కూడా లేకుండా ఉంటే అడ్డు అప్లికేషన్‌దే.

బీబీఆర్ ఎప్పుడు, ఎలా

నష్టం మీ పరిధిలో లేని చోట, సముద్రపు కేబుల్ అవతల ఎవరి నెట్‌వర్క్‌లోనో ఉండి వారు మీ మాట వినని పరిస్థితిలో, బీబీఆర్ నిజంగా మేలు చేస్తుంది. దాన్ని రూపొందించిన గూగుల్ బృందంలో 1988 నాటి వాన్ జాకబ్సన్ కూడా ఉన్నారన్నది నాకు ఎప్పుడూ గౌరవం కలిగించే విషయం. నష్టాన్ని రద్దీకి గుర్తుగా తీసుకోమన్న ఆయనే, ఆ గుర్తు ఇక చాలదని తేల్చారు. బీబీఆర్ రెండు విషయాలు కొలుస్తూ ఉంటుంది: ఇటీవల రసీదులు వచ్చిన గరిష్ఠ వేగం, ఇటీవల కనిపించిన కనిష్ఠ రానుపోను సమయం. ఈ రెండింటి లబ్ధమే దారిలో ఉండవలసిన డేటా. ఆ వేగంతోనే ప్యాకెట్లను సమాన వ్యవధిలో వదులుతుంది. మధ్య మధ్య 25 శాతం పెంచి చూసి, వెంటనే అంతే తగ్గించి, పేరుకున్న క్యూను ఖాళీ చేస్తుంది. కనిష్ఠ సమయం పది సెకన్లపాటు కొత్తగా కనిపించకపోతే విండోను నాలుగు ప్యాకెట్లకు దించి కనీసం 200 మిల్లీసెకన్లు ఆగి, దారి ఖాళీగా ఉన్నప్పటి సమయాన్ని మళ్లీ కొలుస్తుంది. 20 వేలకు ఒక ప్యాకెట్ పోయినంత మాత్రాన దాని లెక్క మారదు.

వర్జీనియా సర్వర్ కెర్నెల్ 4.9 లేదా ఆ తర్వాతిది కావాలి. ప్యాకెట్లను సమాన వ్యవధిలో వదలడం దీనికి ప్రాణం కాబట్టి, నెట్‌వర్క్ కార్డు మీద ఎఫ్‌క్యూ క్యూ పద్ధతిని కూడా పెట్టండి, 4.13 నుంచి అది లేకున్నా టీసీపీ తానే వ్యవధి పాటిస్తుంది గానీ, ఎక్కువ కనెక్షన్లు ఉన్న సర్వర్‌లో ఎఫ్‌క్యూతోనే నాకు మంచి ఫలితాలు వచ్చాయి. సర్వర్ మొత్తానికి కాకుండా హైదరాబాద్ వైపు వెళ్లే రూటుకు మాత్రమే బీబీఆర్ వర్తించేలా పెట్టవచ్చు. మీకు నేను సూచించేది అదే.

దీనితో జాగ్రత్త కూడా అవసరం. లినక్స్ ప్రధాన కెర్నెల్‌లో ఉన్నది బీబీఆర్ మొదటి వెర్షన్. గూగుల్ 2023లో ప్రకటించిన మూడో వెర్షన్‌ను వేరుగా తెచ్చుకోవాలి. మొదటి వెర్షన్ నష్టాన్ని దాదాపు పట్టించుకోదు. బఫర్ చిన్నదిగా ఉన్న స్విచ్ దగ్గర అది నిజమైన రద్దీ వచ్చినా తగ్గకుండా, వేల ప్యాకెట్లు పోగొట్టుకుంటూ, పక్కవాటిని కూడా పోగొడుతుంది. కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయ పరిశోధకులు 2019లో, ఒకే బీబీఆర్ ప్రవాహం 16 క్యూబిక్ ప్రవాహాలతో పోటీ పడుతూ కూడా లైనులో 40 శాతం దాకా తీసుకోగలదని చూపారు. మీ లైను మీదే పగలు వీడియో సమావేశాలు, మెయిలు నడుస్తాయి గనుక, బీబీఆర్ పెట్టిన బదిలీకి ఎఫ్‌క్యూలోనే 800 మెగాబిట్ల గరిష్ఠ వేగం విధించండి. ఆ వేగంతో మీ 200 గిగాబైట్లు 35 నిమిషాల లోపు అయిపోతాయి. అందుకోసం మిగిలిన వారి పిలుపులు తెగిపోవలసిన పని లేదు.

పంపే సర్వర్ మీ చేతిలో లేకపోతే, ఉదాహరణకు డేటా ఏదైనా క్లౌడ్ నిల్వ సేవ నుంచి నేరుగా వస్తూ ఉంటే, అల్గారిథం ఎంపిక మీది కాదు. అప్పుడు హైదరాబాద్ వైపు అందుకునే బఫర్ పెంచి, ఒకే ఫైలును ముక్కలుగా 8 కనెక్షన్ల మీద తెప్పించుకోవడమే మార్గం. ఒక ప్యాకెట్ పోతే ఒక కనెక్షన్ మాత్రమే తగ్గుతుంది, మిగిలిన ఏడూ నడుస్తాయి కాబట్టి 30 స్థానంలో 240 మెగాబిట్లకు దగ్గరగా రావచ్చు. శాస్త్ర పరిశోధనా సంస్థలు గ్రిడ్‌ఎఫ్‌టీపీ అనే బదిలీ సాధనంతో ఏళ్ల తరబడి చేసింది ఇదే. వందల కనెక్షన్లు తెరవడం మాత్రం పొరుగువారి పట్ల అన్యాయం. అది రద్దీ నియంత్రణను దొడ్డిదారిన తీసేసినట్టే.

మీ 200 గిగాబైట్లు లక్షల చిన్న ఫైళ్లుగా ఉంటే ఒక మాట. కొత్త కనెక్షన్ 10 ప్యాకెట్లతో మొదలై ప్రతి రానుపోనుకు రెట్టింపు అవుతూ 19 వేలకు చేరడానికి, ఏ ఆటంకమూ లేకపోయినా, రెండున్నర సెకన్లు పడుతుంది. కాసేపు ఖాళీగా ఉన్న కనెక్షన్ విండోను కూడా లినక్స్ మామూలుగా తగ్గించేస్తుంది. వర్జీనియాలో ఆ సెట్టింగును సున్నా చేయండి. వీలైతే చిన్న ఫైళ్లను టార్ చేసి (ఒకే ఫైలుగా కట్టి) ఒకే ప్రవాహంగా పంపండి.

నాలుగు వేగాల యూడీపీ ఫలితాలు, బదిలీ మధ్యలో ఎస్ఎస్ ఇచ్చిన వరుస, హైదరాబాద్ రూటర్ పోర్టు మీద సీఆర్‌సీ తప్పుల అంకెలు గంట వ్యవధిలో రెండుసార్లు తీసి ఇక్కడే పెట్టండి. పోర్టు అంకె గంటలో కదిలితే ముందు ప్యాచ్ కార్డ్ కొస తుడిచి, ఆ తర్వాతే వర్జీనియా సర్వర్‌ను ముట్టుకోండి.